ఒనేసిము గదిలో ఉండగా
(స్మారకోపన్యాసం పూర్తి పాఠం)



క్రైస్తవ లేఖనాలను చదవడం, వాటికి అర్థం చెప్పడం గురించి మాట్లాడమన్నారు. ఇంత పెద్ద విషయాన్ని మొత్తంగా ఎత్తుకుంటే చివరికి ఏదీ చెప్పనట్టే అవుతుంది. అందుకని ఒక్క ఉత్తరం పట్టుకుంటాను. పౌలు ఫిలేమోనుకు రాసిన పత్రిక. 25 వచనాలు. అధ్యాయాలు కూడా లేవు. చాలా బైబిళ్లలో ఒక్క పేజీకి అటూ ఇటూ. తీతుకూ హెబ్రీయులకూ మధ్య పేజీ తిప్పేటప్పుడు చెయ్యి దాన్ని దాటిపోతుంది. మన గుళ్లలో దాని మీద ప్రసంగం విన్నవారు తక్కువ.

అయినా ఈ ఒక్క పేజీని చదివిన తీరును బట్టి మనుషుల మెడలకు పట్టీలు పడ్డాయి, పారిపోయినవాళ్లు పట్టుబడి వెనక్కి వెళ్లారు, కొందరు జీవితాంతం పౌలు పేరు వినడానికే ఇష్టపడలేదు. లేఖనాన్ని ఎలా చదవాలన్న ప్రశ్న ఎంత బరువైనదో చూపించడానికి ఇంతకన్నా చిన్న, ఇంతకన్నా పదునైన ఉదాహరణ నాకు తెలియదు.

ముందు ఉత్తరంలో ఏముందో చూద్దాం.

పౌలు జైల్లో ఉన్నాడు. ఏ ఊరి జైలో ఉత్తరం చెప్పదు. రోము అని పాతకాలం నుంచీ అంటున్నారు, ఎఫెసు అని ఈ కాలపు పండితుల్లో చాలామంది అంటున్నారు. తిమోతి పేరు కూడా కలుపుకుని రాస్తున్నాడు. ఎవరికి? ఫిలేమోనుకు, అప్ఫియ అనే సహోదరికి, అర్ఖిప్పుకు, ఆ ఇంట్లో కూడుకునే సంఘానికి. ఈ చివరి మాట దగ్గర కాస్త ఆగాలి. ఒక యజమానికి అతని దాసుడి గురించి రాసే ఉత్తరం చాటుగా అందించవచ్చు. పౌలు అలా చేయలేదు. ఇంట్లో కూడిన అందరి ముందూ చదివేలా రాశాడు. ఆ కాలంలో ఉత్తరం అంటే పైకి చదివి వినిపించేదే. ఆ ఇంటి సంఘంలో దాసులు కూడా ఉండి ఉంటారు. కొలొస్సయులకు రాసిన పత్రికలో తుకికు అనే సహచరుడితో కలిసి ఆ దాసుడు ఒనేసిము కూడా వస్తున్నాడని, అతను కొలొస్సయివాడేనని ఉంది. అది ఈ ప్రయాణమే అయితే, ఉత్తరం చదువుతున్నప్పుడు ఒనేసిము ఆ గదిలోనే నిలబడి ఉన్నాడు.

ఉత్తరం ఫిలేమోను ప్రేమను మెచ్చుకోవడంతో మొదలవుతుంది. ఆజ్ఞ ఇవ్వగల అధికారం ఉన్నా తాను బతిమాలుకుంటున్నానని పౌలు అంటాడు. ఒనేసిమును జైల్లో తనకు పుట్టిన బిడ్డగా చెబుతాడు. తన దగ్గరే ఉంచుకోవాలని ఉన్నా ఫిలేమోను సమ్మతి లేకుండా ఆ పని చేయనంటాడు. ఇక మీదట అతన్ని దాసుడిగా చూడొద్దని, అంతకన్నా ఎంతో ఎక్కువగా, ప్రియమైన సోదరుడిగా చేర్చుకోమని అడుగుతాడు. ప్రభువు సంబంధంలోనే కాక లోకపు సంబంధంలో కూడా అని స్పష్టంగా చెబుతాడు. తనను ఎలా చేర్చుకుంటాడో అతన్నీ అలాగే చేర్చుకోమంటాడు. అతని వల్ల నష్టం ఏదైనా జరిగి ఉంటే, బాకీ ఏదైనా ఉంటే, అది తన లెక్కలో వేసుకోమని సొంత చేత్తో రాస్తాడు. తాను అడిగినదానికన్నా ఎక్కువే చేస్తావని నమ్ముతున్నానంటాడు. తనకు బస కూడా సిద్ధం చేయమంటాడు. అంటే, వచ్చి చూసుకుంటాను అని.

ఇప్పుడు అందులో లేనివి చూడాలి. బైబిలు చదివేవారికి ఇది ఉన్నదాన్ని చూడటం కన్నా కష్టమైన పని. ఒనేసిము పారిపోయాడని ఈ ఉత్తరంలో ఎక్కడా లేదు. కొంతకాలం దూరమయ్యాడని మాత్రమే ఉంది. దొంగతనం చేశాడని లేదు. బాకీ ఉంటే అని మాత్రమే ఉంది. అతను తప్పు ఒప్పుకుని ఏడ్చాడని లేదు. అతన్ని క్షమించమని కూడా లేదు. అలాగే, సూటిగా అతన్ని విడుదల చేసెయ్యమని కూడా లేదు. ఈ చివరి మాట మనలాంటివారికి మింగుడుపడదు. కానీ లేనిదాన్ని ఉందనడం ఎదుటివారికి ఎంత తప్పో మనకూ అంతే తప్పు.

ఖాళీ ఉన్నచోట చదివేవాడు తన ఊహ నింపుతాడు. ఎవరు ఏం నింపారన్నదే ఈ ఉత్తరం చరిత్ర.

నాలుగో శతాబ్దంలో కొందరు ఈ పత్రికను పక్కన పెట్టెయ్యాలన్నారు. ఇందులో సిద్ధాంతం ఏముంది, ఇదొక ఇంటి వ్యవహారం కదా అన్నది వారి వాదన. జెరోము, యోహాను క్రిసోస్తము, మొప్సువేస్తియా థియొడోరు దీని పక్షాన నిలబడి రక్షించారు. ఆ మేలు మరిచిపోకూడదు. కానీ క్రిసోస్తము తన ప్రసంగాల్లో ఒనేసిమును దొంగగా, పారిపోయినవాడిగా చిత్రించాడు. క్రైస్తవులు వచ్చి యజమానుల దగ్గర్నుంచి దాసులను లాగేసుకుంటున్నారన్న నింద సంఘానికి రాకూడదన్నది ఆయన ఆందోళన. ఆయన నోట వచ్చిన కథ వందల ఏళ్లపాటు ఉత్తరానికి ముందుమాటగా నిలిచిపోయింది. ఈ రోజుకీ చాలా బైబిళ్లలో ఈ పత్రికకు రాసే పరిచయంలో మొదటి వాక్యం ఒనేసిము పారిపోయాడన్నదే. ఉత్తరం చెప్పనిది పరిచయం చెబుతోంది.

ఆ కాలంలో పారిపోయిన దాసుల మెడలకు లోహపు పట్టీలు బిగించేవారు. అవి ఇప్పటికీ ఉన్నాయి. రోములో ఒక మ్యూజియంలో ఉన్న పట్టీకి చిన్న బిళ్ల వేలాడుతుంది. నేను పారిపోయాను, పట్టుకో, జోనినుస్ అనే నా యజమానికి అప్పగిస్తే బంగారు నాణెం ఇస్తాడు అన్న అర్థం వచ్చే రాత దాని మీద ఉంది. ఇలాంటి పట్టీల్లో కొన్నింటి మీద క్రీస్తు గుర్తు చెక్కి ఉంది. ఒక పట్టీ మీద యజమాని పేరుతో పాటు అతని హోదా కూడా ఉంది. అతను సంఘంలో ఆర్చ్‌డీకను. ఒనేసిము గురించిన ఉత్తరాన్ని తన గుడిలో చదివే సంఘంలోనే ఆ మెడ కూడా ఉంది.

అదే నాలుగో శతాబ్దంలో మరో గొంతు కూడా ఉందని చెప్పకపోతే అన్యాయం. నిస్సా గ్రెగోరీ ప్రసంగి గ్రంథం మీద చేసిన నాలుగో ప్రసంగంలో, దాసులను కొనుక్కున్నానని ప్రసంగి చెప్పుకునే చోటికి వచ్చి ఆగిపోయాడు. దేవుని పోలికలో పుట్టిన మనిషికి ధర కట్టే అధికారం ఎవరికుందని నిలదీశాడు. వచనం మారలేదు. చదివేవాడు కొన్నవాడి గొప్ప మీద నుంచి చూపు తీసి, అమ్ముడైనవాడి ముఖం వైపు చూశాడు.

ఇక అమెరికాకు వస్తాను. ఇక్కడ కాస్త ఎక్కువసేపు ఉంటాను.

1850లో అమెరికా కాంగ్రెసు ఒక చట్టం చేసింది. దక్షిణాది నుంచి పారిపోయి ఉత్తరాది రాష్ట్రాలకు చేరిన బానిసను తిరిగి యజమానికి అప్పగించాలి, సాయపడినవారికి శిక్ష. చాలామంది క్రైస్తవులు మనస్సాక్షి ఒప్పుకోవడం లేదన్నారు. అప్పుడు మోజెస్ స్టూవర్ట్ అనే పెద్ద పండితుడు కలం పట్టాడు. ఆండోవర్ సెమినరీలో దశాబ్దాలపాటు పాఠం చెప్పినవాడు. అమెరికాలో హీబ్రూ చదువుకు పునాది వేసినవారిలో ఒకడు. ఆయన వాదన ఇది: పౌలు ఒనేసిమును వెనక్కి పంపాడు కదా, మనమెందుకు పంపకూడదు? బానిసత్వాన్ని వ్యతిరేకించేవాళ్లు ద్వితీయోపదేశకాండం 23వ అధ్యాయం చూపించారు. యజమాని దగ్గర్నుంచి తప్పించుకుని వచ్చిన దాసుణ్ణి అప్పగించకూడదని, అతను కోరుకున్న ఊళ్లో ఉండనివ్వాలని, బాధపెట్టకూడదని అక్కడ స్పష్టంగా ఉంది. స్టూవర్ట్ ఆ ధర్మశాస్త్రం అన్యదేశాల నుంచి వచ్చినవారికే వర్తిస్తుందని తోసేశాడు. భాషలు తెలిసినంత మాత్రాన చదువు సరైన దారిలో వెళ్లదనడానికి నాకు ఇంతకన్నా బాధ కలిగించే సాక్ష్యం కనిపించలేదు. ధర్మశాస్త్రం చదువుకున్న పౌలుకు ద్వితీయోపదేశకాండంలోని ఆ మాట తెలియదని ఎవరూ అనలేరు. దాన్ని పక్కన పెట్టి పౌలును చదవడం అంటే పౌలు చేతిలోని పుస్తకాన్ని లాక్కుని పౌలును చదవడమే.

ఇంకో దృశ్యం జార్జియా రాష్ట్రంలోని లిబర్టీ కౌంటీలో. చార్ల్స్ కాల్కాక్ జోన్స్ అనే ప్రెస్బిటేరియన్ బోధకుడు బానిసలకు సువార్త చెప్పడమే తన పనిగా పెట్టుకున్నాడు. తనకూ బానిసలున్నారు. వారికి చదువు చెప్పడం ఆ రాష్ట్రంలో చట్టవిరుద్ధం కాబట్టి నోటితో చెప్పి కంఠస్థం చేయించే ప్రశ్నోత్తరాల పుస్తకం కూడా రాశాడు. 1830ల్లో ఒక రోజు పెద్ద సమూహం ముందు ఫిలేమోను పత్రిక మీద ప్రసంగించాడు. విధేయత గురించి చెప్పి, పౌలు పేరు మీద పారిపోవడాన్ని ఖండించాడు. విన్నవాళ్లలో సగం మంది లేచి వెళ్లిపోయారు. మిగిలినవాళ్లు కూడా కూటం అయ్యాక ఊరుకోలేదు. అలాంటి పత్రిక బైబిల్లో లేనే లేదని కొందరు అన్నారు. ఇది సువార్త కాదని కొందరు అన్నారు. యజమానులను సంతోషపెట్టడానికే చెబుతున్నావని ఇంకొందరు అన్నారు. ఇదంతా శత్రువులు రాసింది కాదు. జోన్స్ తానే తన నివేదికలో రాసుకున్నాడు.

వారి చేతిలో పుస్తకం లేదు. ఉన్నా చదవనివ్వరు. అయినా ఆ రోజు అక్కడ లేఖనాన్ని ఎవరు సరిగ్గా విన్నారని అడిగితే నేను సందేహం లేకుండా లేచి వెళ్లిపోయినవాళ్ల పేరే చెబుతాను. బోధకుడు చదివిన పత్రిక, పారిపోవడాన్ని ఖండించే పత్రిక, నిజంగానే బైబిల్లో లేదు. పౌలు రాసినదాంట్లో ఆ ఖండన లేదు. వారు అన్నది అక్షరాలా నిజం.

యజమానులకు కూడా లేఖనం పట్ల భయం ఉండేదనడానికి ఒక పుస్తకం సాక్షి. 1807లో లండన్‌లో, వెస్టిండీస్ దీవుల బానిసల కోసమని బైబిల్లోంచి ఏరిన భాగాలతో ఒక సంపుటి అచ్చయింది. ప్రొటెస్టెంటు బైబిల్లో 1,189 అధ్యాయాలు ఉంటే ఇందులో 232 మాత్రమే. యోసేపు బానిసగా అమ్ముడై ఓర్పుతో పనిచేసిన కథ ఉంచారు. మోషే ఇశ్రాయేలీయులను దాస్యం నుంచి నడిపించుకొచ్చిన కథ తీసేశారు. క్రీస్తులో దాసుడనీ స్వతంత్రుడనీ లేదని గలతీయులకు పౌలు రాసిన వాక్యం తీసేశారు. కత్తెర పట్టినవాడికి ఏ వచనం ఎవరి చెవిన పడితే ఏమవుతుందో బాగా తెలుసు.

హోవర్డ్ థర్మన్ అనే నల్లజాతి క్రైస్తవ ఆలోచనాపరుడు 1949లో ప్రచురించిన పుస్తకంలో తన అమ్మమ్మ గురించి రాశాడు. ఆమె ఫ్లోరిడాలో బానిసగా పెరిగింది. చదవడం రాదు. చిన్నప్పుడు మనవడు ఆమెకు బైబిలు చదివి వినిపించేవాడు. కీర్తనలు, యెషయా, సువార్తలు మళ్లీ మళ్లీ చదివించుకునేది. పౌలు పత్రికలు మాత్రం ముట్టనిచ్చేది కాదు, కొరింథీయులకు రాసిన మొదటి పత్రికలో ప్రేమ గురించిన అధ్యాయం తప్ప. ఎందుకని అతను పెద్దయ్యాక అడిగాడు. యజమాని పిలిపించే తెల్ల బోధకుడు ఏడాదికి మూడు నాలుగుసార్లయినా దాసులు యజమానులకు లోబడాలన్న పౌలు మాటే పాఠంగా తీసుకునేవాడట. ఎప్పటికైనా స్వేచ్ఛ వచ్చి, చదవడం నేర్చుకుంటే, ఆ భాగం మాత్రం చదవనని ఆమె దేవునికి మాటిచ్చుకుంది.

థర్మన్ 1935లో మన దేశానికి వస్తూ కొలంబోలో దిగినప్పుడు ఒక న్యాయవాది ఆయన్ని, నీ జాతిని బానిసలుగా అమ్మినవారి మతంలో నువ్వెలా ఉన్నావని సూటిగా అడిగాడు. తర్వాత ఆయన గాంధీజీని కూడా కలిశాడు. ఆ న్యాయవాది ప్రశ్నకు జవాబు వెతుకుతూనే ఆయన ఆ పుస్తకం రాశాడు. ఆ జవాబులో అమ్మమ్మ చోటు చేసుకోవడం నాకు ఎంతో సరైనదనిపిస్తుంది.

మరి ఎవరి అనుభవాన్ని బట్టి వారు చదువుకోవచ్చా? అలా అయితే జోన్స్ కూడా తన అనుభవాన్ని బట్టే చదివాడు కదా అని కుర్రవాళ్లు నన్ను అడుగుతుంటారు. మంచి ప్రశ్న. నా జవాబు: చదువులు అన్నీ సమానం కావు, ఎందుకంటే ఉత్తరం అక్కడ ఉంది. దాని ముందు అందరం నిలబడి, మనం చెప్పే అర్థం అందులో ఎక్కడుందో చూపించాలి.

అలా చూపించడానికి పాండిత్యం కావాలి. అదే కాలపు ఇతర ఉత్తరాలు చదవాలి. పౌలు తర్వాత అర్ధశతాబ్దానికి రోమన్ అధికారి చిన్న ప్లినీ తన స్నేహితుడు సబినియానుసుకు ఒక ఉత్తరం రాశాడు. విషయం దాదాపు ఇదే. సబినియానుసు దాస్యం నుంచి విడిపించిన ఒకతను యజమానికి కోపం తెప్పించి ప్లినీ కాళ్ల మీద పడ్డాడు. ప్లినీ ఏం రాశాడు? అతన్ని తానే గట్టిగా మందలించానని, అతను నిజంగా పశ్చాత్తాపపడుతున్నాడని, కోపానికి నీకు హక్కుందని, అయినా ఈసారికి క్షమించమని. పౌలు ఉత్తరం పక్కన పెట్టి చూడండి. మందలింపు లేదు, పశ్చాత్తాపం లేదు, యజమాని హక్కు ఊసు లేదు. పౌలు అతన్ని సోదరుణ్ణి చేశాడు. ఈ తేడా రెండు ఉత్తరాలూ పక్కపక్కన పెట్టి చదివితే తప్ప తెలియదు.

1985లో జర్మన్ పండితుడు పేటర్ లాంపె ఇంకో దారి చూపించాడు. యజమానితో తగాదా వచ్చిన దాసుడు యజమాని స్నేహితుడి దగ్గరికి వెళ్లి మధ్యవర్తిత్వం చేయమంటే, రోమన్ న్యాయవేత్తల దృష్టిలో అతను పారిపోయినవాడు కాడు. ఆ అభిప్రాయం రోమన్ న్యాయసంకలనంలో ఉంది. ఒనేసిము పౌలు దగ్గరికి వెళ్లింది అందుకే కావచ్చు. ఇది రుజువైన సంగతి అని నేను అనను. కానీ ఉత్తరానికి చక్కగా అతుకుతుంది. ఎవరినీ దొంగను చేయాల్సిన అవసరం రాదు.

ఇక్కడ అగస్టీను మాట తలుచుకోవాలి. క్రైస్తవ బోధ గురించి ఆయన దాదాపు 397లో మొదలుపెట్టి 426 ప్రాంతంలో పూర్తి చేసిన గ్రంథంలో ఒక కొలబద్ద ఇచ్చాడు. లేఖనం అర్థమైందనుకుంటున్నవాడి వివరణ దేవుని మీదా పొరుగువాడి మీదా ప్రేమను పెంచకపోతే అతనికి ఇంకా అర్థం కాలేదు. అంతటితో ఊరుకోలేదు. ప్రేమను పెంచే వివరణే అయినా రచయిత ఉద్దేశించనిది చెబితే, దారి తప్పి పొలాలకు అడ్డం పడి ఊరు చేరినవాడి లాంటివాడన్నాడు. ఊరు చేరాడు కాబట్టి సంతోషమే, కానీ దారి చూపించాలి, లేకపోతే మరోసారి అడ్డదారిలో ఎటు పోతాడో తెలియదు. ఈ రెండు సగాలూ కలిపి పట్టుకోవాలి. మొదటి సగాన్ని మోజెస్ స్టూవర్ట్‌కు చెప్పాలి. రెండో సగాన్ని మనకు మనం చెప్పుకోవాలి.

ఇప్పుడు మన నేలకు వస్తాను. లాక్కొచ్చి కలపడం లేదు. ఈ చరిత్ర మన గుమ్మం దాకా తానే వచ్చింది. నెల్లూరులో 1840లో పని మొదలుపెట్టిన అమెరికన్ బాప్టిస్టుల వెనకున్న సంఘాలే, బానిసలున్నవాడిని మిషనరీగా పంపవచ్చా అన్న తగాదా మీద 1845లో రెండుగా చీలాయి. తెలుగు మిషను ఉత్తరాది వారి చేతిలో ఉండిపోయింది. ఆ మిషనులోనే 1866లో ఒంగోలుకు జాన్ క్లౌ వచ్చాడు. ఎర్రగుంట్ల పేరయ్య అనే తోళ్ల వ్యాపారి, మాదిగ, ఆయన దగ్గర బాప్తిస్మం తీసుకుని తన వాళ్లను పిలుచుకొచ్చాడు. మాదిగలను చేర్చుకోకపోతే తాము వస్తామని పై కులాల పెద్దలు కబురు పెట్టారు. ఏం చేయాలో తెలియక క్లౌ బైబిలు తెరిస్తే, కొరింథీయులకు రాసిన మొదటి పత్రిక మొదటి అధ్యాయం చివరి భాగం కనిపించింది. లోకం తక్కువగా చూసేవారిని దేవుడు ఏర్పరచుకున్నాడన్న భాగం. భార్య కూడా మరో గదిలో అదే భాగం తెరిచి వచ్చింది. మాదిగలను చేర్చుకున్నారు. 1878 జూలై 3న వెల్లంపల్లి దగ్గర ఒక్క రోజులో 2,222 మంది బాప్తిస్మం పొందారు.

చేతికొచ్చిన పేజీ తెరిచి దేవుని చిత్తం తెలుసుకోవడం వ్యాఖ్యాన పద్ధతిగా నేను ఎవరికీ నేర్పను. కానీ ఆ భాగాన్ని పద్ధతిగా చదివినా అర్థం అదే. కొరింథు సంఘంలో డబ్బున్నవారు ప్రభురాత్రి భోజనానికి ముందే వచ్చి తినేసి, పేదవారు వచ్చేసరికి ఏమీ మిగల్చని సంగతి అదే పత్రిక 11వ అధ్యాయంలో ఉంది. అంటే పౌలు మొదటి అధ్యాయంలో చెప్పింది ఆ బల్ల దగ్గర కూర్చున్నవాళ్ల గురించే. ఒంగోలులో అడిగిన ప్రశ్న కూడా అదే బల్ల గురించి. అందుకే ఆ చదువు నిలిచింది.

ఇక, ఈ ఉపన్యాసం ఎవరి స్మరణలో జరుగుతోందో ఆ అయ్యగారి గురించి. ఆయన పద్ధతి మీలో చాలామందికి తెలుసు. ఏ పత్రికైనా సరే, తాను నోరు తెరిచే ముందు మొత్తం ఒక్క బిగిన చదివించేవారు. చదివేది వెనక కూర్చున్నవారిలో ఒకరు. వచనాలకు అంకెలు వేసింది 1551లో పారిస్ అచ్చు పనివాడు రోబెర్ ఎస్తియెన్ అని, పౌలుకు ఆ అంకెలు తెలియవని, కాబట్టి అంకెల దగ్గర ఆగొద్దని చెప్పేవారు. కొత్త సంవత్సరం రాత్రి వాగ్దానం కార్డు తీసుకోవడాన్ని ఆయన ఎన్నడూ తప్పు పట్టలేదు. కానీ మర్నాడు ఉదయం కుటుంబ ప్రార్థనకు వస్తే, కార్డు మీది వచనం ఉన్న అధ్యాయం మొత్తం చదివించేవారు. యిర్మీయా 29వ అధ్యాయం 11వ వచనం అందరికీ ఇష్టం. మంచి భవిష్యత్తు గురించినది. అది బబులోనులో చెరలో ఉన్నవారికి వచ్చిన ఉత్తరం. దాని ముందు వచనంలోనే 70 ఏళ్లు అని ఉంది. ఆ ఉత్తరం విన్న పెద్దవారిలో ఎక్కువమంది ఆ భవిష్యత్తు కళ్లారా చూడరు. ఇళ్లు కట్టుకోండి, తోటలు వేసుకోండి, చెరపట్టిన ఊరి క్షేమం కోసం ప్రార్థించండి అని వారికి చెప్పారు. కార్డు మీద ఒక్క వచనం చదివితే ఈ సంవత్సరం ఉద్యోగం వస్తుందని అనిపిస్తుంది. ఉత్తరం మొత్తం చదివితే మనవళ్ల కోసం చెట్టు నాటమని వినిపిస్తుంది.

ప్రకాశం జిల్లాలో ఒక పల్లెలో ఆయన ఫిలేమోను పత్రిక చదివించిన సాయంత్రం నేనూ అక్కడ ఉన్నాను. చదివింది పదో తరగతి అమ్మాయి. రెండుసార్లు చదివాక అయ్యగారు, ఏం వినిపించిందో చెప్పమన్నారు. కాసేపు ఎవరూ మాట్లాడలేదు. తర్వాత చిన్నప్పుడు తండ్రి చేసిన అప్పు కింద ఒక రైతు దగ్గర జీతానికి ఉన్న ఒక పెద్దాయన అడిగాడు.

"అయ్యగారూ, ఆ పౌలయ్య సొంత చేత్తో రాసిచ్చాడన్నారు గదా?"

"అవును పెద్దాయనా. నా చేత్తో నేనే రాస్తున్నానని ఉంది."

"అయితే అది నోటు రాసిచ్చినట్టే గదయ్యా. నోటు పౌలయ్య పేరు మీదికి మారినాక, ఇంక ఆసామి ఆ పిల్లోడి జోలికి రాకూడదు. బాకీ కావాలంటే పోయి పౌలయ్యనే అడుక్కోవాల."

అయ్యగారు ఆ మాటను పుస్తకంలో రాసుకున్నారు. ఈజిప్టు ఇసుకలో దొరికిన పపైరస్ కాగితాల్లో అప్పు తీసుకున్నవాడు స్వహస్తంతో ఒప్పుకుని రాసిచ్చిన పత్రాలు బోలెడు ఉన్నాయి. పౌలు ఆ వాక్యాన్ని సరిగ్గా ఆ పత్రాల పద్ధతిలోనే రాశాడని గ్రీకు పండితులు చెబుతారు. పెద్దాయనకు పపైరస్ సంగతి తెలియదు. కాగితం మీద తండ్రి వేలిముద్ర పడితే కొడుకు బతుకు ఎన్నేళ్లు కట్టుబడి ఉంటుందో తెలుసు. బాకీ అనే తాడు ఎక్కడ కోస్తే మనిషి విడుదలవుతాడో తెలుసు. క్రిసోస్తము ఆ వాక్యంలో దొంగతనం చూశాడు. జీతానికి ఉన్నవాడు విడుదల చూశాడు. నా లెక్కలో పెద్దాయన చదివిందే ఉత్తరానికి దగ్గర. ఎందుకంటే పౌలు నేరం గురించి మాట్లాడటం లేదు. ఫిలేమోను చేతిలో మిగిలి ఉన్న చివరి పట్టును తన మీదికి తెచ్చుకుంటున్నాడు.

విడుదల చేయమని సూటిగా ఎందుకు రాయలేదన్న ప్రశ్న ఇంకా మిగిలే ఉంది. చట్టం, భయం, ప్రభువు త్వరగా వస్తాడన్న నమ్మకం, ఎన్నో కారణాలు చెబుతారు. అడిగినదానికన్నా ఎక్కువ చేస్తావన్న వాక్యంలో విడుదల దాగి ఉందని నేను నమ్ముతాను. కానీ అది నా నమ్మకం. వాక్యంలో ఆ మాట లేదు. ఫిలేమోను ఏం చేశాడో కూడా మనకు చేరలేదు. రెండో శతాబ్దం మొదట్లో అంతియొకయ ఇగ్నేషియస్ ఎఫెసువారికి రాస్తూ వారి బిషప్పు పేరు ఒనేసిము అంటాడు. ఇద్దరూ ఒకరేనని 1935లో జాన్ నాక్స్ అనే పండితుడు వాదించాడు. దాసులకు ఆ పేరు పెట్టడం అప్పట్లో మామూలే కాబట్టి నేను అంత దూరం వెళ్లను. ఫిలేమోను ఆ ఉత్తరాన్ని చింపేయలేదన్నంత వరకు మాత్రం తెలుసు. చింపి ఉంటే మన చేతికి వచ్చేది కాదు.

మన ఇళ్ల సంగతి చెప్పి ముగిస్తాను. మనలో చాలామంది ఇళ్లల్లో కుటుంబ ప్రార్థన జరుగుతుంది. అంట్లు తోమే అమ్మ అప్పుడు వంటింట్లో ఉంటుంది. ఆమె కూడా మన గుడికే వచ్చే మనిషి కావచ్చు. కొలొస్సయిలో ఆ ఇంట్లో ఉత్తరం చదివినప్పుడు వంటింటివాళ్లు కూడా గదిలోనే ఉండి ఉంటారు, వారిలాంటివాడి గురించే చదివారు. అలాగే మాలపల్లెకో గుడి, మాదిగపల్లెకో గుడి ఉన్న ఊళ్లు మనకు తక్కువేం కాదు. ఒకే బైబిలు, ఒకే పాటల పుస్తకం, రెండు బల్లలు. ఒంగోలులో మాదిగలను చేర్చుకోవద్దన్న పెద్దలను తప్పుపట్టే మనం, కొరింథీయుల పత్రిక 11వ అధ్యాయాన్ని ఆ రెండు గుళ్లవారూ కలిసి కూర్చుని ఎప్పుడైనా చదివామా?

ఉపదేశులకు ఒక పని చెబుతాను. పేతురు మొదటి పత్రిక రెండో అధ్యాయంలో, కఠినులైన యజమానులకు కూడా లోబడమని పనివారికి చెప్పే భాగం ఉంది. థర్మన్ అమ్మమ్మ వినని రకం భాగం. దాన్ని దాటేసి వెళ్లకండి. లండన్‌లో కత్తెర పట్టినవారి పని మనం చేయకూడదు. మొత్తం పత్రిక ఒక్క బిగిన చదివించండి. చదివాక ఇళ్లల్లో పనిచేసే అమ్మలను, ఇటుక బట్టీల నుంచి వచ్చినవారిని, అప్పు కింద జీతానికి ఉన్నవారిని ముందు మాట్లాడనివ్వండి. కోపంగా మాట్లాడినా ఆపకండి, జార్జియాలో లేచి వెళ్లిపోయినవారిలా లేచి వెళ్లినా తప్పు పట్టకండి. వారు చెప్పింది అయ్యగారిలా పుస్తకంలో రాసుకోండి. వ్యాఖ్యాన గ్రంథాలు ఆ తర్వాత తెరవండి.